ఇసుక రేణువంత విడిభాగం, ఇరుకైన దారులు

ఏదైనా ఎలక్ట్రానిక్ పరికరాన్ని విప్పి, అందులోని సర్క్యూట్ బోర్డును భూతద్దం కింద పెట్టి చూస్తే, నల్లటి చిప్పుల చుట్టూ లేత గోధుమ రంగు ఇటుకల్లాంటి ముక్కలు గుంపులు గుంపులుగా అతికి ఉండటం కనిపిస్తుంది. వాటిని బహుళ పొరల సెరామిక్ కెపాసిటర్లు అంటారు. చిప్పుకు అందే విద్యుత్తులోని ఒడిదుడుకులను సర్దడం, సంకేతాల్లో చేరే రొదను వడకట్టడం వాటి పని. ఒక స్మార్ట్‌ఫోన్‌లో ఇవి వెయ్యి వరకు, విద్యుత్ కారులో పది వేల దాకా ఉంటాయి. బాగా చిన్న రకాల పొడవు 0.4 మిల్లీమీటర్లు, వెడల్పు 0.2 మిల్లీమీటర్లు మాత్రమే కనుక, ఇసుకలో పడితే రేణువుల నుంచి వాటిని వేరు చేసి ఏరడం కష్టం. విడిగా ఒక్కో ముక్క ఖరీదు లెక్కలోకి రానంత తక్కువ. అయినా వాటిలో ఒక్క రకం దొరక్కపోతే బోర్డు పూర్తి కాదు, బోర్డు లేనిదే పరికరం బయటికి పోదు. 2018లో ఈ కెపాసిటర్లకు కొరత వచ్చినప్పుడు, వాటికంటే వేల రెట్లు ఖరీదైన వస్తువులు తయారుచేసే సంస్థలు వాటి కోసం నెలల తరబడి ఎదురుచూడవలసి వచ్చింది.

ఎలక్ట్రానిక్ విడిభాగాల సరఫరాకు ఉన్న ముప్పు గురించి చర్చ వచ్చినప్పుడు అది సాధారణంగా రెండు కొసల దగ్గరే ఆగిపోతుంది. ఒక కొసన అత్యాధునిక చిప్పుల కర్మాగారాలు ఉంటాయి, మరో కొసన గనులు ఉంటాయి. ఫలానా ఖనిజం భూమిలో ఇంకెన్నాళ్లు మిగిలి ఉంటుందన్న ప్రశ్న కూడా అప్పుడే వస్తుంది. నా దృష్టిలో అసలు బలహీనత ఈ రెండు కొసల కంటే వాటి మధ్యనే ఎక్కువగా ఉంది. తవ్వి తీసిన మట్టిని శుద్ధి చేసి, కావలసినంత సన్నని పొడిగా మార్చి, రసాయనాలుగా, వాయువులుగా, పలుచటి పొరలుగా తయారుచేసి ఇచ్చే మధ్య అంచెల్లో కొన్నిచోట్ల ప్రపంచం మొత్తానికి ఇద్దరు ముగ్గురు తయారీదారులే ఉన్నారు. ఆ అంచెలో చేతులు మారే డబ్బు తక్కువ కనుక, అది ఆగిపోయేదాకా ఎవరి కంటికీ ఆనదు. పైన చెప్పిన కెపాసిటర్ కథే దీనికి మంచి ఉదాహరణ.

ఒక ముప్పు నుంచి మరో ముప్పుకు

కెపాసిటర్ లోపల బేరియం టైటనేట్ అనే సెరామిక్ పొర ఉంటుంది, దాని మీద లోహపు పొర, మళ్లీ సెరామిక్, మళ్లీ లోహం, ఇలా వందల పొరలు ఉంటాయి. నేటి కెపాసిటర్లలో ఒక్కో సెరామిక్ పొర మందం ఒక మైక్రాన్ (మిల్లీమీటరులో వెయ్యో వంతు) కంటే తక్కువగా ఉండవచ్చు. ఈ పొరలన్నిటినీ పేర్చి, వెయ్యి డిగ్రీల సెల్సియస్‌కు మించిన కొలిమిలో ఒకేసారి కాలుస్తారు. అంత వేడిలో గాలి తగిలినా చెడిపోని లోహం కావాలి కనుక చాలాకాలం పల్లాడియాన్ని గాని, పల్లాడియం, వెండి కలిపిన మిశ్రమాన్ని గాని వాడారు. 1996లో ఔన్సు పల్లాడియం ధర 130 డాలర్ల దరిదాపుల్లో ఉండేది. ఆ తర్వాతి ఏడాది నుంచి రష్యా ఎగుమతి అనుమతులు పదే పదే ఆలస్యమయ్యాయి. కార్ల పొగను శుద్ధి చేసే ఉత్ప్రేరకాలలో అదే లోహానికి గిరాకీ పెరిగింది. ఈ రెండూ కలిసి 2001 జనవరి నాటికి ధరను వెయ్యి డాలర్లు దాటించాయి. కెపాసిటర్ తయారీదారులు అప్పటికే నికెల్ మీద ప్రయోగాలు చేస్తున్నారు. పల్లాడియం ధర ఆ పనిని పరుగెత్తించింది. నికెల్ చౌక, పైగా అనేక దేశాల్లో దొరుకుతుంది. కొద్ది సంవత్సరాల్లోనే పరిశ్రమలో అధిక భాగం నికెల్‌కు మారిపోయింది.

కథ ఇక్కడితో ముగిసి ఉంటే బాగుండేది. నికెల్‌ను మామూలు గాలిలో కాలిస్తే ఆక్సైడ్‌గా మారిపోతుంది కాబట్టి, ఆక్సిజన్ దాదాపు లేని వాతావరణంలో కాల్చాలి. అలా కాల్చినప్పుడు బేరియం టైటనేట్ స్ఫటికంలోంచే కొన్ని ఆక్సిజన్ పరమాణువులు బయటికి పోయి, వాటి స్థానాలు ఖాళీ అవుతాయి. కెపాసిటర్ పనిచేస్తున్నంతకాలం విద్యుత్ క్షేత్రం లాగుడుకు ఆ ఖాళీలు మెల్లమెల్లగా ఒక పక్కకు జరుగుతూ పోయి, కొన్నేళ్లకు పొర తన నిరోధకశక్తిని కోల్పోతుంది. దీన్ని అడ్డుకోవడానికి డిస్ప్రోసియం, యిట్రియం, హోల్మియం వంటి అరుదైన మూలకాల ఆక్సైడ్లను సెరామిక్ పొడిలో పిసరంత కలుపుతారు. ఆ మూలకాల అయాన్లు స్ఫటికంలో ఇమిడిపోయి ఖాళీల కదలికకు కళ్లెం వేస్తాయి. కెపాసిటర్ ఏళ్ల తరబడి మన్నడానికి కారణం ఆ పిసరే.

అంత తక్కువ మోతాదులో కలిసే పదార్థం కొనుగోలుదారు చేతిలోని జాబితాలో ఎక్కడా కనిపించదు. 2025 ఏప్రిల్ 4న చైనా ఏడు అరుదైన మూలకాల ఎగుమతికి అనుమతి పత్రం తప్పనిసరి చేసింది. డిస్ప్రోసియం, యిట్రియం ఆ ఏడింటిలో ఉన్నాయి. అదే ఏడాది అక్టోబరులో ప్రకటించిన రెండో విడత జాబితాలో హోల్మియం కూడా చేరింది. ఆ రెండో విడతను నవంబరులో ఏడాదిపాటు పక్కన పెట్టారు గాని, ఏప్రిల్ నియంత్రణలను ఎత్తివేయలేదు. ప్రపంచం దృష్టి సహజంగానే అయస్కాంతాల మీద పడింది, ఎందుకంటే వాటికి కావలసిన డిస్ప్రోసియం ఎక్కువ, వాటి కొరతతో కార్ల కర్మాగారాలు ఆగిన వార్తలు కూడా వచ్చాయి. కెపాసిటర్‌లోని పిసరు గురించి మాట్లాడినవారు తక్కువ. పల్లాడియం చేతిలోంచి జారిపోయిన ఇంజినీర్లు చేసింది నిజంగా గొప్ప పని, అందులో సందేహం లేదు. కాని ఒక దేశపు లోహం నుంచి తప్పించుకునే దారి మరో దేశపు లోహం దగ్గరికి చేరిందన్న సంగతిని ఆ మార్పు జరిగిన రోజుల్లోనే రాసిపెట్టుకుని ఉండవలసింది. ప్రత్యామ్నాయం అనే మాట విన్న ప్రతిసారీ, ఆ ప్రత్యామ్నాయం దేని మీద ఆధారపడుతుందన్న ప్రశ్న వెంటనే వేయాలి.

గని లేని లోహం

ముడిపదార్థాల విషయంలో చాలామందికి తెలియని ఒక సంగతి ఉంది. ఎలక్ట్రానిక్స్‌కు కీలకమైన లోహాల్లో కొన్నిటికి సొంత గని అంటూ ఉండదు. గాలియం వీటిలో ముఖ్యమైనది. మొబైల్ ఫోన్లలో సంకేతాన్ని పెంచి పంపే గాలియం ఆర్సెనైడ్ చిప్పులకు, వేగంగా చార్జ్ చేసే అడాప్టర్లలోని గాలియం నైట్రైడ్ ట్రాన్సిస్టర్లకు, ఎల్‌ఈడీ దీపాలకు అదే ఆధారం. అల్యూమినియం ముడిఖనిజమైన బాక్సైట్‌లో టన్నుకు సుమారు 50 గ్రాముల గాలియం ఉంటుంది. ఆ 50 గ్రాముల కోసం ఎవరూ బాక్సైట్ తవ్వరు. బాక్సైట్‌ను కాస్టిక్ సోడా ద్రావణంలో కరిగించి అల్యూమినా తీసేటప్పుడు, అదే ద్రావణం మళ్లీ మళ్లీ తిరుగుతున్న కొద్దీ అందులో గాలియం పేరుకుంటుంది. దాన్ని రెసిన్‌తో పట్టి వేరు చేయాలంటే అల్యూమినా కర్మాగారం పక్కనే మరో చిన్న కర్మాగారం కట్టాలి. జర్మేనియం, ఇండియం జింకు శుద్ధిలోను, సెలీనియం, టెలూరియం రాగి శుద్ధిలో మిగిలే బురదలోను ఇదే విధంగా దొరుకుతాయి.

ఉప ఉత్పత్తి కావడం వల్ల వచ్చే చిక్కు ఏమిటంటే, ధర పెరిగితే సరఫరా పెరుగుతుందన్న మామూలు సూత్రం ఇక్కడ సరిగ్గా పనిచేయదు. గాలియం ధర మూడింతలైనా, అల్యూమినియం అమ్ముడుపోకపోతే అల్యూమినా కర్మాగారం ఒక్క టన్ను కూడా అదనంగా తయారుచేయదు. ధర పడిపోయినప్పుడు మాత్రం గాలియం విభాగం వెంటనే మూతపడుతుంది, ఎందుకంటే అల్యూమినా వ్యాపారానికి దానివల్ల వచ్చే ఆదాయం చాలా చిన్నది. చైనాలో అల్యూమినా కర్మాగారాలు పెద్దఎత్తున గాలియం విభాగాలు కట్టుకున్న తర్వాత ధరలు పడిపోయాయి, కజకిస్తాన్ 2013లో, హంగరీ 2015లో, జర్మనీ 2016లో ప్రాథమిక గాలియం (తుక్కు నుంచి కాక ముడిఖనిజం నుంచి తీసేది) ఉత్పత్తిని నిలిపివేశాయి. ఇప్పుడు ప్రపంచంలో తయారయ్యే ప్రాథమిక గాలియంలో దాదాపు 98 శాతం చైనాదే. బాక్సైట్ ఆస్ట్రేలియాలో ఉంది, గినీలో ఉంది, బ్రెజిల్‌లో ఉంది. లేనిది ఆ చిన్న పక్క కర్మాగారం.

2023 జులై 3న చైనా గాలియం, జర్మేనియం ఎగుమతులను ఆగస్టు 1 నుంచి నియంత్రిస్తామని ప్రకటించింది. 2024 డిసెంబరు 3న అమెరికాకు వాటి ఎగుమతిని పూర్తిగా నిషేధించి, 2025 నవంబరులో ఆ నిషేధాన్ని ఏడాదికి నిలిపివేసింది. ఇలాంటి ఉత్తర్వులు వస్తాయి, పోతాయి, వాటి తేదీలు మారుతుంటాయి. అవి పోయినప్పుడు కొనుగోలుదారు ఊపిరి పీల్చుకుని, చైనా బయట కొత్త కర్మాగారం కడతామన్న వారితో చేసుకోబోయిన దీర్ఘకాలిక ఒప్పందాన్ని వాయిదా వేస్తాడు. చైనా గాలియం మళ్లీ చౌకగా దొరుకుతున్నప్పుడు ఖరీదైన గాలియం కొంటామని సంతకం చేసే ధైర్యం ఏ కొనుగోలు విభాగానికీ ఉండదు. ఈ రంగంలో నన్ను ఎక్కువగా కలవరపెట్టేది ఉత్తర్వు వచ్చిన రోజు కాదు, అది సడలిన రోజు.

వస్తువులో ఉండని ముడిపదార్థాలు

పూర్తయిన విడిభాగాన్ని ప్రయోగశాలలో ఎంత పరీక్షించినా కనిపించని పదార్థాలు కొన్ని ఉన్నాయి. అవి తయారీలో ఖర్చయిపోతాయి. చిప్పు మీద నమూనా గీసే అతినీలలోహిత లేజర్లలో నింపే వాయు మిశ్రమంలో 95 శాతానికి పైగా నియానే ఉంటుంది. నియాన్ గాలిలోనే ఉంది, పది లక్షల పాళ్లలో 18 పాళ్లు. ఉక్కు కర్మాగారాలకు ఆక్సిజన్ కోసం గాలిని విడదీసే భారీ యంత్రాలు ఉంటాయి, ముడి నియాన్ వాటి ఉప ఉత్పత్తి. సోవియట్ కాలంలో కట్టిన ఉక్కు కర్మాగారాల వారసత్వంగా ఉక్రెయిన్‌లోని మరియుపోల్, ఒడెసా నగరాలు దాని శుద్ధికి కేంద్రాలయ్యాయి, సెమీకండక్టర్ స్థాయి నియాన్‌లో దాదాపు సగం అక్కడి రెండు సంస్థల నుంచే వచ్చేది. 2014లో క్రిమియా సంక్షోభం వచ్చినప్పుడు ధర అనేక రెట్లు పెరిగింది. 2022 మార్చిలో యుద్ధంతో ఆ రెండూ ఆగిపోయాయి.

అయినా 2022లో నియాన్ లేక చిప్పుల పరిశ్రమ స్తంభించిపోలేదు. 2014 దెబ్బ తర్వాత లేజర్ తయారీదారులు వాయువు వాడకాన్ని తగ్గించారు, వాడిన వాయువును తిరిగి శుద్ధి చేసే పరికరాలు తెచ్చారు, చిప్పుల సంస్థలు నిల్వలు పెంచుకున్నాయి, దక్షిణ కొరియాలో ఉక్కు సంస్థ పోస్కో సొంతంగా నియాన్ తీయడం మొదలుపెట్టింది. ఒక దెబ్బ నుంచి నేర్చుకుని రెండో దెబ్బకు సిద్ధమైన అరుదైన ఉదాహరణ ఇది. ఇక్కడ గమనించవలసింది, ఆ సిద్ధపాటుకు ఎనిమిదేళ్ల వ్యవధి దొరకడం.

సిలికాన్ కరిగించే మూసల సంగతి వేరు. సిలికాన్ 1414 డిగ్రీల దగ్గర కరుగుతుంది. అంత వేడి ద్రవాన్ని గంటల తరబడి మలినం చేరకుండా పట్టి ఉంచే పాత్ర అత్యంత స్వచ్ఛమైన క్వార్ట్జ్‌తోనే చేయాలి. అలాంటి క్వార్ట్జ్‌కు ప్రపంచంలో ప్రధాన వనరు అమెరికాలోని నార్త్ కరోలినా రాష్ట్రంలో స్ప్రూస్ పైన్ అనే చిన్న పట్టణం. 2024 సెప్టెంబరు చివర హెలీన్ తుపాను అక్కడి రోడ్లను, రైలు మార్గాన్ని, విద్యుత్తును దెబ్బతీసినప్పుడు అక్కడి రెండు క్వార్ట్జ్ సంస్థలూ పని ఆపాయి. అక్టోబరులోనే తిరిగి ప్రారంభమయ్యాయి, మూసల తయారీదారుల దగ్గర నిల్వలు కూడా ఉన్నాయి కనుక పెద్ద నష్టం తప్పింది. గనులకు కాకుండా కేవలం రోడ్లకు, రైలు మార్గానికి, విద్యుత్తుకు దెబ్బ తగిలినా పరిస్థితి ఇంత దూరం వచ్చిందంటే, గనుల్లోకే నీరు చేరి ఉంటే ఏమయ్యేదో ఊహించవచ్చు.

ఇలాంటివి కొత్తవి కావు. 1993 జులై 4న జపాన్‌లోని నీహామాలో సుమిటోమో కెమికల్ కర్మాగారంలో పేలుడు జరిగింది. చిప్పులను కప్పి కాపాడే ఎపాక్సీ రెసిన్‌లో ప్రపంచ సరఫరా సుమారు 60 శాతం అక్కడి నుంచే వచ్చేదని అప్పుడు గాని చాలామందికి తెలియలేదు. మెమరీ చిప్పుల ధరలు ఒక్కసారిగా పెరిగాయి. నేటికీ అలాంటి స్థానాలు ఉన్నాయి. పెద్ద ప్రాసెసర్ల అడుగున ఉండి వాటిని బోర్డుకు కలిపే సబ్‌స్ట్రేట్‌లో వాడే నిరోధక పొర దాదాపు అంతా అజినోమోటో అనే ఒకే జపాన్ సంస్థ తయారుచేస్తుంది. వంటల్లో రుచికి వాడే గ్లుటమేట్ తయారీలో సంపాదించిన రసాయన జ్ఞానం నుంచి పుట్టిన పొర అది. 2021 కొరతలో ఆ సబ్‌స్ట్రేట్‌లు దొరకక, తయారైన చిప్పులు కూడా వేచి ఉండవలసి వచ్చింది.

ఇద్దరు సరఫరాదారులు ఉన్నంత మాత్రాన

ఒకరి మీదే ఆధారపడకుండా ఇద్దరి దగ్గర కొనవచ్చు కదా అన్నది మొదట తట్టే సలహా. అది సరైనదే, కాని అమలులో రెండు అడ్డంకులు ఎదురవుతాయి.

మొదటిది అర్హత పరీక్ష. కార్లలో వాడే కెపాసిటర్లు, నిరోధకాల వంటి వాటికి ఏఈసీ-క్యూ200 అనే ప్రమాణం ఉంది. అందులోని మన్నిక పరీక్షల్లో కొన్ని 1,000 గంటల పాటు సాగుతాయి, అంటే ఒక్కో పరీక్షకే ఆరు వారాలు. దాని తర్వాత బోర్డు తయారీదారు పరీక్ష, ఆపైన కారు సంస్థ ఆమోదం. విడిభాగం లోపలి పొడి సరఫరాదారు మారినా, పూత రసాయనం మారినా ఈ వరుసలో చాలా భాగం మళ్లీ నడవాలి. ఇంత జాగ్రత్త ఎందుకన్న ప్రశ్నకు సమాధానం 2019 జనవరిలో దొరికింది. తైవాన్ చిప్పుల తయారీ సంస్థ టీఎస్‌ఎంసీ కర్మాగారంలోకి నిర్దేశాలకు సరిపడని ఒక ఫోటోరెసిస్ట్ (చిప్పు మీద నమూనా గీయడానికి పూసే రసాయనం) విడత రావడంతో పెద్దసంఖ్యలో వేఫర్లను, అంటే చిప్పులు తయారయ్యే సిలికాన్ పలకలను, పారవేయవలసి వచ్చింది, ఆ త్రైమాసిక ఆదాయంలో సుమారు 55 కోట్ల డాలర్లు దెబ్బతిన్నాయి. నాణ్యత కోసం పెట్టిన కట్టుదిట్టమే అత్యవసర సమయంలో మారడానికి వీల్లేకుండా చేస్తుంది. ఈ రెండిటిలో ఏదీ వదులుకోదగ్గది కాదు.

రెండోది కనిపించని కలయిక. ఇద్దరు కెపాసిటర్ తయారీదారులు ఒకే దగ్గర నికెల్ పొడి కొంటూ ఉండవచ్చు, ఆ ఇద్దరికీ ఒకే శుద్ధి కర్మాగారం నుంచి అరుదైన మూలకాలు వస్తూ ఉండవచ్చు. పైనుంచి చూస్తే రెండు దారులు, మూడు అంచెలు దిగి చూస్తే ఒకటే దారి. తమ సరఫరాదారుకు సరఫరా చేసేవారి పేర్లు చాలా సంస్థలకు తెలియవు, సరఫరాదారు కూడా వ్యాపార రహస్యమని చెప్పడు. 2011 మార్చి 11న జపాన్‌లో భూకంపం, సునామీ వచ్చినప్పుడు ఇది బయటపడింది. చిప్పుల ప్యాకేజింగ్‌లో వాడే బీటీ రెసిన్‌కు మిత్సుబిషి గ్యాస్ కెమికల్ ప్రధాన ఆధారమని, వేర్వేరు దేశాల్లో వేర్వేరు సంస్థల దగ్గర కొంటున్నామనుకున్నవారు అప్పుడు తెలుసుకున్నారు.

2025 చివర నెక్స్పీరియా వ్యవహారంలో ఈ చిక్కు మరో రూపంలో కనిపించింది. నెదర్లాండ్స్‌లో ప్రధాన కార్యాలయం, చైనా యాజమాన్యం ఉన్న ఈ సంస్థ డయోడ్లు, చిన్న ట్రాన్సిస్టర్ల వంటి అతి సామాన్యమైన విడిభాగాలు తయారుచేస్తుంది. సెప్టెంబరు 30న డచ్ ప్రభుత్వం ఒక పాత చట్టం ఆధారంగా సంస్థ నిర్వహణలో జోక్యం చేసుకుంది. అక్టోబరు 4న చైనా తన గడ్డ మీది ఆ సంస్థ కర్మాగారం నుంచి పూర్తయిన విడిభాగాల ఎగుమతిని ఆపింది. వేఫర్లు ఐరోపాలోనే తయారవుతున్నా, సుమారు 70 శాతం విడిభాగాలను ముక్కలుగా కోసి ప్యాకేజీ చేసే పని అప్పటికి చైనాలో జరిగేది. మెక్సికోలో హోండా కర్మాగారం కొన్నాళ్లు ఆగిపోయింది. ఆగినవి అత్యాధునిక చిప్పులు కావు, ఎవరైనా తయారుచేయగలరని అందరూ అనుకునే, ఒక్కోటి కొద్ది సెంట్ల ఖరీదు చేసే భాగాలు. ముప్పును ఖర్చుపెట్టిన డబ్బుతో కొలిచే సంస్థల పట్టికల్లో అలాంటి వస్తువులు ఎప్పుడూ అట్టడుగునే ఉంటాయి. ఏ వస్తువు లేకపోతే ఎన్ని రోజులకు ఉత్పత్తి ఆగుతుంది, దానికి బదులు మరొకటి అమర్చడానికి ఎన్ని నెలలు పడుతుంది అన్న రెండు అంకెలతో కొలిస్తే ఆ పట్టిక తలకిందులవుతుంది.

భయం సృష్టించే కొరత

నిజమైన కొరతకు మనుషుల భయం తోడైనప్పుడు అది రెట్టింపవుతుంది. సరుకు దొరకదేమోనని ఒక సంస్థ పది వేలు కావలసిన చోట ఇరవై వేలకు, అదీ ముగ్గురు పంపిణీదారుల దగ్గర, ఆర్డరు పెడుతుంది. తయారీదారు దాన్ని నిజమైన గిరాకీ అనుకుని ముడిపదార్థాలకు ఇంకా పెద్ద ఆర్డరు పెడతాడు. వినియోగదారు దగ్గర పుట్టిన చిన్న అల గని దాకా చేరేసరికి ఉప్పెనవుతుంది. 2000లో టాంటాలం కెపాసిటర్లకు ఇలాగే జరిగింది. టాంటాలం ధర ఆకాశాన్నంటింది, 2001లో టెలికాం రంగం కూలిపోగానే అంతే వేగంగా కిందికి పడింది. ఆ ఏడాది నెట్‌వర్క్ పరికరాల సంస్థ సిస్కో 220 కోట్ల డాలర్లకు పైగా విలువైన నిల్వలను నష్టంగా రాసుకుంది. దీనికి భిన్నంగా 2021లో నిల్వలు లేకపోవడమే సమస్యయింది. అమెరికా వాణిజ్య శాఖ సర్వే ప్రకారం చిప్పులు వాడే సంస్థల దగ్గర 2019లో మధ్యస్థ (మీడియన్) లెక్కన 40 రోజులకు సరిపడా నిల్వ ఉండగా, 2021 నాటికి అది 5 రోజుల కంటే తక్కువకు పడిపోయింది.

నిల్వ పెట్టుకోవాలా, వద్దా అన్నది ముందు నుయ్యి, వెనుక గొయ్యి లాంటి ప్రశ్న. పల్లాడియం ధర పెరుగుతుందన్న భయంతో ఫోర్డ్ సంస్థ అధిక ధరకు పెద్దఎత్తున కొని పెట్టుకుంది. ధర పడిపోయాక 2002 జనవరిలో విలువైన లోహాల నిల్వల మీద సుమారు 100 కోట్ల డాలర్ల నష్టాన్ని ప్రకటించింది. అందుకని నిల్వ వద్దనడం నా ఉద్దేశం కాదు. ఖరీదైన లోహాన్ని టన్నులకొద్దీ కొనడం వేరు, మొత్తం ఖర్చులో వెయ్యో వంతు కూడా లేని డోపెంట్ పొడిని (సెరామిక్‌లో పిసరంత కలిపే ఆ ఆక్సైడ్లను) ఏడాదికి సరిపడా పక్కన పెట్టుకోవడం వేరు. మొదటిది జూదం, రెండోది చౌకైన బీమా. చిక్కల్లా, రెండో రకం నిల్వ పెట్టవలసింది కెపాసిటర్ తయారీదారు గాని, లేదా అతనికి పొడి అమ్మేవాడు గాని, ఆగిపోతే నష్టపోయేది కారు తయారీదారు. ఆ బీమా ఖర్చును విడిభాగం ధరలో చేర్చి ఇస్తామని కొనేవారు ఒప్పందంలో రాసి ఇవ్వనంతకాలం అంత దిగువ అంచెలో ఎవరూ దాన్ని మోయరు.

టాంటాలం విషయంలో ధరకు మించిన ప్రశ్న కూడా ఉంది. ప్రపంచంలో తవ్వే టాంటాలం ఖనిజంలో పెద్ద వాటా కాంగో ప్రజాస్వామ్య గణతంత్రం, రువాండా ప్రాంతాలది. అందులో ఎక్కువ భాగాన్ని చేతి పనిముట్లతో మనుషులే తవ్వుతారు. ఆ ఆదాయం సాయుధ ముఠాలకు చేరుతోందన్న కారణంగా 2010లో అమెరికా డాడ్-ఫ్రాంక్ చట్టంలోని 1502వ సెక్షన్ టాంటాలం, టిన్, టంగ్‌స్టన్, బంగారం ఎక్కడి నుంచి వచ్చాయో సంస్థలు వెల్లడించాలని నిర్దేశించింది. ఐరోపా సమాఖ్య నిబంధన 2021 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. ఈ గొలుసులో వేల గనులు, వేల విడిభాగాల తయారీదారులు ఉన్నా, వారి మధ్య ఉన్న శుద్ధి కొలిముల సంఖ్య తక్కువ. కొలిమిలో కరిగిన తర్వాత ఏ గనిదో చెప్పడం అసాధ్యం కనుక తనిఖీలన్నీ అక్కడే కేంద్రీకరించారు. సరఫరాకు ముప్పు తెచ్చే ఇరుకు దారే ఇక్కడ నిఘాకు అనువుగా మారింది. ఆ ఏర్పాటు ఎంత బలహీనమో కూడా తర్వాత తెలిసింది. 2024లో ఎం23 తిరుగుబాటుదారులు కాంగో తూర్పు భాగంలోని రుబాయా గనుల ప్రాంతాన్ని స్వాధీనం చేసుకున్నారు, అక్కడి ఖనిజం సరిహద్దు దాటి రువాండా ఖనిజంలో కలుస్తోందని ఐక్యరాజ్యసమితి నిపుణుల బృందం నివేదించింది. కొలిమి దగ్గరికి వచ్చే సంచి మీద ముద్ర సరిగ్గానే ఉండవచ్చు, లోపలి మట్టి మాత్రం వేరే చోటిది కావచ్చు. అక్కడ గోతుల్లో దిగి తవ్వేవారి ప్రాణాలు ఈ లెక్కల్లో ఎక్కడా కనిపించకపోవడం నాకు బాధ కలిగిస్తుంది.

పునర్వినియోగం మీద పెట్టుకునే ఆశ గురించి ఒక మాట. కర్మాగారంలోనే మిగిలిపోయే తుక్కు నుంచి గాలియం, టాంటాలం తిరిగి తీయడం బాగానే జరుగుతోంది, ఎందుకంటే అక్కడ లోహం గుట్టగా, ఏది ఏమిటో తెలిసి ఉంటుంది. వాడి పారేసిన ఫోన్లలో బంగారం, రాగి తిరిగి వస్తాయి గాని, మిల్లీగ్రాముల్లో చెల్లాచెదురుగా ఉండే గాలియం, డిస్ప్రోసియం శుద్ధి ప్రక్రియలో మిగిలే లోహమలంలోకి పోతాయి. కాబట్టి సమీప భవిష్యత్తులో ఈ మూలకాలకు పాత ఫోన్లు గని కాలేవు.

కొత్త శుద్ధి కర్మాగారాలే దారి అనుకుంటే, వాటికి పట్టే కాలాన్ని జపాన్ అనుభవంతో అంచనా వేయవచ్చు. 2010 సెప్టెంబరులో సెంకాకు దీవుల దగ్గర చైనా చేపల పడవ, జపాన్ గస్తీ ఓడలు ఢీకొన్న సంఘటన తర్వాత చైనా నుంచి జపాన్‌కు అరుదైన మూలకాల రవాణా ఆగిపోయింది. జపాన్ ప్రభుత్వ సంస్థ, వాణిజ్య సంస్థ సోజిత్స్ కలిసి 2011లో ఆస్ట్రేలియాకు చెందిన అరుదైన మూలకాల సంస్థ లైనాస్‌కు 25 కోట్ల డాలర్ల నిధులు సమకూర్చాయి. ధరలు పడిపోయి లైనాస్ మూతపడే స్థితికి వచ్చిన రోజుల్లోనూ అప్పు గడువులు పెంచి నిలబెట్టాయి. చైనా మీద జపాన్ ఆధారం దాదాపు 90 శాతం నుంచి 60 శాతం దరిదాపులకు తగ్గింది. అయితే అదంతా ప్రధానంగా తేలిక మూలకాలైన నియోడిమియం, ప్రసియోడిమియం విషయంలో. మన కెపాసిటర్ పొడికి కావలసిన డిస్ప్రోసియం ఆక్సైడ్‌ను లైనాస్ మలేషియాలోని తన కర్మాగారంలో వేరు చేసి చూపించింది 2025 మేలో. ఓడ సంఘటన జరిగి అప్పటికి పద్నాలుగేళ్ల ఎనిమిది నెలలు. అయినా అక్కడి నుంచి వచ్చే ప్రతి కొత్త పొడి మళ్లీ ఆ 1,000 గంటల పరీక్ష ముందు వరుసలో నిలబడవలసిందే.